బైపీసీ చదివినవాళ్లకే హెల్త్ ప్యాసేజీల్లో మార్కులు ఎందుకు పోతున్నాయి?

చెల్లె, నీ ప్రశ్న చదివాను. ఇంటర్ బైపీసీ అయ్యాక నీట్ వద్దనుకుని లా వైపు వచ్చావు. హన్మకొండలో ఉండి జాతీయ లా యూనివర్సిటీల ప్రవేశ పరీక్ష క్లాట్‌కు సొంతంగా చదువుకుంటున్నావు. మాక్ టెస్టుల్లో పర్యావరణం, ఆర్థికం, సోషల్ మీడియా మీద వచ్చే లాజికల్ రీజనింగ్ ప్యాసేజీలు బాగానే చేస్తున్నావు. మందులు, తిండి, జబ్బుల మీద వచ్చేవే తప్పుతున్నాయి. "నాకు బాగా తెలిసిన సబ్జెక్టులోనే ఎందుకిలా అవుతోంది" అన్నావు. అలాంటి ప్యాసేజీ కనిపిస్తే చివరికి వదిలేయాలా అనీ, అమెరికా లా కాలేజీల ప్రవేశ పరీక్ష ఎల్‌శాట్ పాత ప్రశ్నలు పనికొస్తాయా అనీ అడిగావు.

నేను ఇక్కడే చాలా ఏళ్లుగా లా ఎంట్రెన్స్ పిల్లలకు ఈ సెక్షన్ చెబుతున్నాను. బైపీసీ నుంచి వచ్చిన పిల్లల్లో ఈ ఇబ్బంది మళ్లీ మళ్లీ చూస్తాను. వాళ్లకు తెలిసిందే వాళ్లకు అడ్డం పడుతుంది. ప్యాసేజీలో "ఫలానా విటమిన్ తీసుకున్నవాళ్లకు జలుబు తొందరగా తగ్గింది, కాబట్టి..." అని మొదలవగానే నువ్వు పాఠం గుర్తు చేసుకుంటావు. ఆ మాట నిజమా అబద్ధమా అని తేల్చుకుని, దానికి సరిపోయే ఆప్షన్ వెతుకుతావు. పేపర్ పెట్టినవాళ్లు అది అడగడం లేదు. ప్యాసేజీ రాసినాయన చూపించిన ఆధారం ఆయన చెప్పిన ముగింపును ఎంతవరకు మోయగలదు అన్నదొక్కటే అడుగుతున్నారు. ముగింపు నిజమే అయినా వాదన డొల్లగా ఉండొచ్చు. ముగింపు తప్పే అయినా ఇచ్చిన ఆధారాల వరకు వాదన గట్టిగానే ఉండొచ్చు.

ముందు పరీక్షల సంగతి క్లుప్తంగా. క్లాట్ యూజీలో 2 గంటల్లో 120 ప్రశ్నలు, తప్పుకు 0.25 కోత. అందులో 22 నుంచి 26 వరకు లాజికల్ రీజనింగ్, అంటే దాదాపు ఐదో వంతు. ఎల్‌శాట్ ఇండియా ఇప్పుడు జరగడం లేదు. అమెరికా ఎల్‌శాట్‌లో మాత్రం 2024 ఆగస్టు నుంచి లాజిక్ గేమ్స్ (నియమాలిచ్చి వరుసలు, జట్లు తేల్చమనే పజిళ్లు) తీసేశారు. మార్కులు లెక్కపెట్టే మూడు సెక్షన్లలో రెండు లాజికల్ రీజనింగే. అక్కడ ప్రతి ప్రశ్నకూ ఒక చిన్న వాదన, అయిదు ఆప్షన్లు ఉంటాయి. వాదన చిన్నది కాబట్టి లోపం ఎక్కడుందో వేలు పెట్టి చూపించవచ్చు. అందుకే పాత ప్రశ్నలు తప్పకుండా చెయ్యి, ప్రాక్టీసుకు అవి బాగా ఉపయోగపడతాయి. రాష్ట్ర లా ఎంట్రెన్స్ లాసెట్ కూడా రాస్తానన్నావు కదా, దాని పద్ధతి వేరు. 90 నిమిషాల్లో 120 చిన్న ప్రశ్నలు, నెగెటివ్ మార్కులు లేవు. ఇక్కడ నేను చెప్పేదంతా క్లాట్ కోసం.

ఇప్పుడు ఒక వాదనను పూర్తిగా విప్పి చూద్దాం. ఇది నేను తయారు చేసిందే, కానీ మన ఊళ్లలో రోజూ వినే మాటే.

"మా ఊళ్లో కొన్నేళ్ల కింద వాటర్ ప్లాంట్ పెట్టారు. అప్పటి నుంచి మండల ఆస్పత్రికి మోకాళ్ల నొప్పులతో వచ్చేవాళ్లు రెట్టింపయ్యారు. ప్లాంట్‌లో నీళ్లు ఫిల్టర్ అయ్యేటప్పుడు ఖనిజాలు పోతాయి. కాబట్టి ఈ నొప్పులకు ప్లాంట్ నీళ్లే కారణం. ప్లాంట్ బంద్ చేయాలి."

ప్రశ్న: నొప్పులకు ప్లాంట్ నీళ్లే కారణమన్న వాదనను కింది వాటిలో ఏది ఎక్కువగా బలహీనపరుస్తుంది?

(ఎ) ప్లాంట్ నీళ్లు తాగుతున్నవాళ్లలో కొందరికి మోకాళ్ల నొప్పులు లేవు.
(బి) ప్లాంట్ పెట్టిన ఏడాదే ఆ ఆస్పత్రికి తొలిసారి ఎముకల డాక్టర్ వచ్చారు. అంతకుముందు నొప్పులున్నవాళ్లు వరంగల్ వెళ్లి చూపించుకునేవారు.
(సి) మనిషికి కావలసిన ఖనిజాల్లో ఎక్కువ భాగం తిండి నుంచే అందుతుంది.
(డి) ప్లాంట్ బంద్ అయితే ఊరివాళ్లు ఫ్లోరైడ్ ఎక్కువున్న బోరు నీళ్లు తాగాల్సి వస్తుంది.

బైపీసీ పిల్లలు నేరుగా (సి) దగ్గరికి పోతారు. ఎందుకంటే అది పుస్తకంలో చదివిన మాట, సరైన మాట కూడా. కానీ దాన్ని వాదన పక్కన పెట్టి చూడు. ఆస్పత్రికి వచ్చేవాళ్లు రెట్టింపవడమే ఈ వాదనకు అసలు ఆధారం. (సి) దాన్ని ముట్టుకోలేదు. తిండి నుంచి ఎక్కువ భాగం అందినా, నీళ్ల నుంచి అందే మిగతా భాగం పోతే నష్టం ఉండదని అది చెప్పడం లేదు. (బి) అయితే ఆ ఆధారాన్నే పడగొడుతుంది. నొప్పులు పెరగలేదేమో, నొప్పులున్నవాళ్లు వెళ్లే చోటు మారిందేమో! రెట్టింపు అన్న లెక్కకు నీళ్లతో సంబంధం లేని ఇంకో కారణం దొరికింది. జవాబు (బి).

(ఎ) ఎందుకు కాదో కూడా గుర్తుపెట్టుకో, ఇలాంటి ఆప్షన్ చాలా పేపర్లలో వస్తుంది. ఒకటి జబ్బుకు కారణం అంటే, అది తగిలిన ప్రతి ఒక్కరికీ ఆ జబ్బు రావాలని కాదు. "మా తాత ఎనభై ఏళ్లు చుట్ట తాగాడు, ఏమీ కాలేదు" అన్న మాటతో పొగాకు మంచిదైపోదు కదా.

(డి) ఇంకా మంచి ఎర. చదవగానే "అవును కదా, ఫ్లోరైడ్ నీళ్లు తాగితే ఇంకా ప్రమాదం" అనిపిస్తుంది. నిజానికి అది గట్టి పాయింటే, అయితే వేరే ప్రశ్నకు. వాదనలో రెండు ముగింపులున్నాయి: నొప్పులకు నీళ్లే కారణం అన్నది ఒకటి, ప్లాంట్ బంద్ చేయాలన్నది ఇంకొకటి. ప్రశ్న రెండోదాని గురించి అడిగి ఉంటే (డి) మంచి జవాబు అయ్యేది, ఎందుకంటే కారణం నిజమైనా పరిష్కారం అంతకంటే చెడ్డది కావచ్చు. ఈ ప్రశ్న మొదటిదాని గురించి అడిగింది. హెల్త్ ప్యాసేజీల్లో ఈ రెండూ దాదాపు ఎప్పుడూ కలిసే వస్తాయి. జబ్బుకు కారణం చెబుతారు, వెంటనే ప్రభుత్వం ఏం చేయాలో కూడా చెబుతారు. అందుకే ప్యాసేజీ చదవగానే "కారణం" అని ఒక గీత, "సలహా" అని ఇంకో గీత వేరువేరుగా గియ్యి. ప్రశ్న ఏ గీత మీద ఉందో చూశాకే ఆప్షన్లలోకి దిగు.

ఇదే వాదనకు ఇంకో బలహీనత ఎలా తేవచ్చో ఆలోచించు. ఆ సంవత్సరాల్లోనే ఎస్సారెస్పీ కాలువ నీళ్లు వచ్చి పత్తి చేలు వరి మళ్లయ్యాయనుకో. నాట్లకు రోజంతా వంగి, బురదలో నిలబడే పని పెరిగింది. అప్పుడు మోకాళ్ల నొప్పులు నిజంగానే పెరిగాయి, కానీ కారణం నీళ్ల క్యాన్ కాకపోవచ్చు. (బి)లో లెక్కే మోసం చేసింది. ఇక్కడ లెక్క సరైనదే, కారణం మారింది. రెండూ వాదనను బలహీనపరుస్తాయి, దారులే వేరు. పరీక్షలో ఏ దారిన వచ్చినా గుర్తుపట్టాలి.

మరి ఈ వాదనను బలపరచాలంటే? అదే ఊళ్లో, అదే వయసులో, అదే పని చేసే వాళ్లలో ప్లాంట్ నీళ్లు తాగేవాళ్లకు నొప్పులు ఎక్కువ, నల్లా నీళ్లు తాగేవాళ్లకు తక్కువ అని చూపిస్తే వాదన లేచి నిలబడుతుంది. 1854లో లండన్‌లో కలరా వచ్చినప్పుడు జాన్ స్నో అనే డాక్టర్ చేసింది సరిగ్గా ఇదే. ఒక వీధి పంపు నీళ్ల వల్లే కలరా వస్తోందని ఆయన కనిపెట్టిన బ్రాడ్ స్ట్రీట్ పంపు కథ అందరూ చెబుతారు. లాజిక్ నేర్చుకునేవాళ్లకు ఆయన చేసిన రెండో పని ఇంకా విలువైనది. దక్షిణ లండన్‌లో రెండు కంపెనీల పైపులు ఒకే వీధుల్లో పక్కపక్కన వెళ్లేవి. ఒక ఇంటికి ఒక కంపెనీ నీళ్లు, పక్కింటికి ఇంకో కంపెనీ నీళ్లు. సౌత్‌వార్క్ అండ్ వాక్స్‌హాల్ కంపెనీ ఊరి మురుగు కలిసే చోట థేమ్స్ నది నీళ్లు తీసుకునేది. లాంబెత్ కంపెనీ మాత్రం అప్పటికే పైకి, మురుగు చేరని చోటికి మారింది. స్నో ఇల్లిల్లూ తిరిగి లెక్క తీస్తే, మొదటి కంపెనీ నీళ్లు వాడే ప్రతి 10,000 ఇళ్లకు 315 మంది చనిపోయారు, రెండో కంపెనీ ఇళ్లలో 37 మంది. గాలి ఒకటే, వీధి ఒకటే, ఉన్నవాళ్లూ లేనివాళ్లూ రెండు వైపులా ఉన్నారు. నీళ్లు ఒక్కటే తేడా. బలపరిచే ఆప్షన్ కోసం వెతికేటప్పుడు ఈ వీధిని గుర్తు తెచ్చుకో. మిగతావన్నీ ఒకేలా ఉండి, అనుమానించిన ఒక్కటే తేడాగా ఉందని చెప్పే ఆప్షన్ దొరికితే దాన్ని వదలొద్దు.

ఇక వాదన నిలబడటానికి తప్పనిసరిగా ఉండాల్సిన ఊహను కనుక్కోమంటే, ఆప్షన్‌ను తిరగేసి చూడు. మన వాదనకు "ఆస్పత్రికి వచ్చేవాళ్ల సంఖ్య పెరగడం ఊళ్లో నొప్పులు పెరిగాయనడానికి గుర్తు" అన్నది అలాంటి ఊహ. దాన్ని తిరగేసి "గుర్తు కాదు" అని పెట్టు. వాదన అక్కడికక్కడే కూలుతుంది. తిరగేస్తే కూలితే అదే జవాబు, కూలకపోతే కాదు. ఇది చాలాసార్లు పని చేస్తుంది, టైమ్ కూడా పెద్దగా పట్టదు.

కారణం తలకిందులుగా ఉండే వాదనల గురించి కొంచెం ఎక్కువ చెప్పాలి, హెల్త్‌లోనే ఇవి ఎక్కువ. సాయంత్రం మన హన్మకొండ రోడ్ల పక్కన జొన్న రొట్టెలు చేసే బండ్ల దగ్గర నిలబడి చూడు. కట్టెల పొయ్యి మీద పెనం, చేత్తో తట్టే చప్పుడు, పార్సిల్ కోసం నిలబడ్డ నడివయసు వాళ్లు. వాళ్లలో ఎంతమందికి షుగర్ ఉందని అడిగితే చాలామందే చేతులెత్తవచ్చు. దాన్ని బట్టి ఎవరైనా "జొన్న రొట్టె తినేవాళ్లలో షుగర్ ఎక్కువ, కాబట్టి జొన్న రొట్టె షుగర్ తెస్తుంది" అంటే నవ్వుతాం. షుగర్ వచ్చాకే వాళ్లు అన్నం తగ్గించి రొట్టెకు మారారని మనకు తెలుసు కాబట్టి. ఇదే వాదన "డైట్ కూల్‌డ్రింక్ తాగేవాళ్లలో లావుగా ఉన్నవాళ్లు ఎక్కువ" అనో, "సిగరెట్ ఈమధ్యే మానేసినవాళ్లలో చనిపోయేవాళ్లు ఎక్కువ" అనో ఇంగ్లీషులో వస్తే మాత్రం మనకు తట్టదు. లావవుతున్నామనే డైట్ డ్రింక్‌కు మారి ఉండొచ్చు. జబ్బు పడ్డాకే డాక్టర్ చెబితే సిగరెట్ మానేసి ఉండొచ్చు. ప్యాసేజీలో రెండు విషయాలు కలిసి కనిపిస్తే, రెండోది ముందు వచ్చి మొదటిది వెనక వచ్చే అవకాశం ఉందా అని ఒక్కసారి అడుగు.

దీనికి పక్కనే ఇంకొకటి ఉంది. ఆరోగ్యం మీద శ్రద్ధ ఉన్నవాళ్లు ఒక్క మంచి పనితో ఆగరు. కూరగాయలు ఎక్కువ తినేవాళ్లు నడుస్తారు, పొగ తాగరు, పరీక్షలు చేయించుకుంటారు. అందుకే "ఫలానాది తినేవాళ్లు ఆరోగ్యంగా ఉన్నారు" అన్న సర్వేలో ఆ ఫలానాదానికి దక్కాల్సిన దానికంటే ఎక్కువ పేరు దక్కుతుంది. బీటా కెరోటిన్ సంగతి నీకు క్యారెట్ పాఠంలో వచ్చే ఉంటుంది. అది ఎక్కువున్న తిండి తినేవాళ్లకు ఊపిరితిత్తుల క్యాన్సర్ తక్కువ అని సర్వేలు చెప్పాయి. ఫిన్లాండ్‌లో సుమారు 29,000 మంది పొగ తాగే మగవాళ్లను తీసుకుని, ఎవరికి బీటా కెరోటిన్ బిళ్ల, ఎవరికి ఉత్త బిళ్ల అన్నది లాటరీ పద్ధతిలో తేల్చి, ఏళ్ల తరబడి చూశారు. 1994లో ఫలితం వచ్చింది. బీటా కెరోటిన్ తీసుకున్నవాళ్లలో ఊపిరితిత్తుల క్యాన్సర్ 18 శాతం ఎక్కువ! లాటరీతో విడదీసిన ప్రయోగానికీ, ఎవరికి వాళ్లు ఎంచుకున్న అలవాటును లెక్కించిన సర్వేకూ ఎంత తేడా ఉందో ఇక్కడ కనిపిస్తుంది. ప్యాసేజీలో మనుషుల్ని ఎలా విడదీశారో చెప్పే వాక్యం ఎక్కడుందో చూడు. చాలాసార్లు జవాబు ఆ వాక్యంలోనే ఉంటుంది.

ఇక అంకెలు. 1995లో బ్రిటన్‌లో కొన్ని కొత్తరకం గర్భనిరోధక మాత్రలతో రక్తం గడ్డకట్టే ప్రమాదం రెట్టింపవుతుందని ప్రభుత్వం డాక్టర్లకు హెచ్చరిక పంపింది. జనం భయపడి మాత్రలు మానేశారు, మరుసటి ఏడాది అబార్షన్లు పెరిగాయి. ఆ రెట్టింపు వెనకున్న అసలు లెక్క, 7,000 మందిలో ఒకరికి వచ్చేది ఇద్దరికి వచ్చింది. రెట్టింపు అన్న మాట అబద్ధం కాదు, కానీ దాన్నిబట్టి ప్రమాదం పెద్దదని తేల్చలేం. ప్యాసేజీ శాతంలో పెరుగుదల చెప్పి మొదట ఎంత ఉండేదో చెప్పకపోతే, "చాలామందికి వస్తుంది" అనే ఆప్షన్‌ను ముట్టుకోకు.

అలాంటిదే ఇంకొకటి. 2015లో ప్రపంచ ఆరోగ్య సంస్థకు చెందిన క్యాన్సర్ పరిశోధన సంస్థ, సాసేజ్, బేకన్ లాంటి ప్రాసెస్ చేసిన మాంసాన్ని పొగాకు ఉన్న గ్రూపు 1లోనే చేర్చింది. అంటే అది సిగరెట్ అంత ప్రమాదమనా? కాదు. క్యాన్సర్ తెస్తుందనడానికి ఆధారం ఎంత గట్టిగా ఉందో ఆ గ్రూపు చెబుతుంది, ఎంతమందికి తెస్తుందో చెప్పదు. "ఒకే గ్రూపులో ఉన్నాయి కాబట్టి ఒకే ప్రమాదం" అనే ఆప్షన్ వస్తే తప్పు అని ధైర్యంగా కొట్టెయ్యి.

ఆస్పత్రులను పోల్చే వాదనల్లోనూ ఇలాంటి చిక్కే ఉంటుంది. వరంగల్ ఎంజీఎం లాంటి పెద్దాసుపత్రికి చుట్టుపక్కల జిల్లాల నుంచి సీరియస్ కేసులు పంపుతారు. చిన్న నర్సింగ్ హోమ్‌లో చేయి దాటిపోతున్న రోగిని అంబులెన్స్‌లో అక్కడికే తెస్తారు. కాబట్టి ఏ పెద్దాసుపత్రిలోనైనా మరణాల శాతం ఎక్కువ కనిపిస్తే, దాన్నిబట్టి వైద్యం బాగోలేదని చెప్పలేం. రోగుల పరిస్థితి మొదట్లోనే వేరు. ఎవరెవరిని పోలుస్తున్నారో చూడకుండా శాతాలు చూడొద్దు.

మిగిలినవి త్వరగా తెలిసిపోతాయి. "సహజమైనది కాబట్టి హాని లేదు", "హాని ఉందని ఎవరూ రుజువు చేయలేదు కాబట్టి హాని లేదు", "ఎలుకల మీద పని చేసింది కాబట్టి మనుషుల మీదా పని చేస్తుంది" లాంటివి. వీటిలో లోపం రెండుమూడు సార్లు చూస్తే అలవాటవుతుంది.

ఇప్పుడు ఒక హెచ్చరిక. ఇదంతా నేర్చుకున్నాక పిల్లలు ఇంకో వైపు పడిపోతారు. ఏ వాదన చూసినా "రెండూ కలిసి జరిగాయంతే, కారణమని ఎలా చెప్తారు" అన్న ఆప్షన్ టిక్ చేస్తారు. ఇది నాకు నిజంగా బాధ కలిగించే పొరపాటు, ఎందుకంటే పొగాకు కంపెనీలు దశాబ్దాలపాటు వాడిన వాదన ఇదే. 1950లో బ్రిటన్ పరిశోధకులు రిచర్డ్ డాల్, బ్రాడ్‌ఫోర్డ్ హిల్ సిగరెట్‌కూ ఊపిరితిత్తుల క్యాన్సర్‌కూ సంబంధం చూపించారు. మనుషులకు లాటరీ వేసి సగం మందితో సిగరెట్ తాగించిన ప్రయోగం ఎవరూ చేయలేదు, చేయకూడదు కూడా. అయినా ఆ ముగింపు నిలబడింది. ఎక్కువ తాగినవాళ్లకు ఎక్కువ, తక్కువ తాగినవాళ్లకు తక్కువ, మానేసినవాళ్లకు క్రమంగా తగ్గడం, వేరే వేరే దేశాల్లో అదే ఫలితం రావడం, ఇవన్నీ కలిసి వేరే వివరణకు చోటు లేకుండా చేశాయి. ప్యాసేజీ రాసినాయన వేరే కారణాలను ముందే తీసేసి చూపిస్తే, నువ్వు మళ్లీ అదే కారణం పట్టుకురావద్దు. ఆయన మూసిన తలుపు ఏది, తెరిచి వదిలేసింది ఏది అని చూడు.

ప్యాసేజీ నుంచి ఏం తేలుతుందని అడిగే ప్రశ్నల్లో మాట బరువు చూడాలి. ప్యాసేజీలో "మే" (కావచ్చు), "లింక్డ్ టు" (సంబంధం ఉంది), "సమ్" (కొందరు) ఉండి, ఆప్షన్‌లో "విల్" (అవుతుంది), "కాజెస్" (కారణం), "మోస్ట్" (ఎక్కువమంది) ఉంటే అది ప్యాసేజీ దాటి పోయింది. సాదాసీదాగా, చప్పగా ఉన్న ఆప్షనే చాలాసార్లు సరైనది.

ప్రాక్టీస్ ఇలా చెయ్యి. రోజూ పేపర్లో వచ్చే ఆరోగ్య వార్త ఒకటి తీసుకో, తెలుగు పేపరైనా పర్లేదు. నోట్‌బుక్‌లో ముగింపు ఏమిటి, ఆధారం ఏమిటి, రెంటి మధ్య ఖాళీ ఏమిటి అని మూడు లైన్లు రాయి. తెలుగులో రాయి, ఆలోచన సాఫీగా సాగుతుంది. కొన్ని వారాల తర్వాత అదే పని ఇంగ్లీషు పేపర్‌తో చెయ్యి. మాక్‌లో తప్పిన ప్రతి హెల్త్ ప్రశ్న పక్కన, నువ్వు పెట్టిన ఆప్షన్ ప్యాసేజీలో ఏ వాక్యాన్ని తాకిందో రాయి. ఏ వాక్యం దొరకకపోతే ఆ జవాబు నీ బైపీసీ పుస్తకంలో నుంచి వచ్చిందన్నమాట. ఈ ఒక్క అలవాటుతో మార్పు తెలుస్తుంది.

చివరికి వదిలేయాలా అన్నావు. వద్దు. రాజకీయం, నైతికత మీద వచ్చే ప్యాసేజీల్లో వాదన ఎటు తిరుగుతుందో ఊహించడం కష్టం. హెల్త్ ప్యాసేజీలు మాత్రం దాదాపు అన్నీ పైన చెప్పిన నాలుగైదు దారుల్లోనే నడుస్తాయి, కాబట్టి అలవాటయ్యాక వీటిని ముందు చేసుకోవడమే లాభం. లాజికల్ సెక్షన్ మొత్తానికి 25 నుంచి 28 నిమిషాలు పెట్టుకో. రెండు ఆప్షన్ల మధ్య ఆగిపోతే ప్రశ్న వాక్యం మళ్లీ చదువు, ప్యాసేజీ మొత్తం మళ్లీ చదవకు. ఈసారి మాక్‌లో తప్పిన హెల్త్ ప్రశ్నలు రెండుమూడు, నువ్వు ఎందుకు ఆ ఆప్షన్ పెట్టావో రాసి ఇక్కడ పెట్టు, ఒక్కొక్కటి చూసి చెప్తాను.